మీరజాలగలడా: వన్ టౌన్ సందులో మా తాతయ్య రికార్డుకు గొంతు తిరిగొచ్చింది

మా తాతయ్య గ్రామఫోను రికార్డు, పాత రికార్డులు బాగుచేసే వన్ టౌన్ కొట్టువాళ్ల దగ్గర పన్నెండు రోజులు ఉంది. మొన్న శనివారం సాయంత్రం వెళ్లి తెచ్చుకున్నాను. ఒకవైపు శుభ్రం చేసి, పాటను కంప్యూటర్‌లోకి ఎక్కించి, పెన్ డ్రైవ్‌లో వేసి ఇచ్చినందుకు ఆరువందల యాభై రూపాయలు తీసుకున్నారు. పెన్ డ్రైవ్ నాదే. ఆ డబ్బుకు పదింతలు అడిగినా ఇచ్చేదాన్ని. ఇలాంటి పని చేసేవాళ్లు విజయవాడలో ఉన్నారని తెలియక ఇంట్లో అటకల మీద రికార్డులు పెట్టుకున్నవాళ్లు చాలామంది ఉంటారు. వాళ్ల కోసం రాస్తున్నాను.

నాది సత్యనారాయణపురం. చీరలకు ఫాల్ కుట్టి, పీకో చేసి, జాకెట్లు కుట్టే కొట్టు నాది. మా తాతయ్య, అంటే అమ్మ వాళ్ల నాన్న, కొల్లిపర మనిషి. తెనాలి చుట్టుపక్కల నాటకాలకు హార్మోనియం వాయించేవాడు. ఆయన పోయాక హార్మోనియం పెట్టె ఎవరో తీసుకున్నారు. మాకు మిగిలింది ఒక రేకు ట్రంకు, అందులో గ్రామఫోను ముళ్ల డబ్బా, పంచెలో చుట్టిన ఒక నల్ల రికార్డు. లేబుల్ మీద అక్షరాలు చాలావరకు చెరిగిపోయాయి. 'స్థానం' అన్న మాట మాత్రం కనిపిస్తుంది. మాకు ఆ ఒక్క మాట చాలు. నాటకాల స్థానం నరసింహారావు పాడిన 'మీరజాలగలడా' అది.

'మీరజాలగలడా నా యానతి' అనగానే ఎవరికైనా సుశీలమ్మ గొంతే చెవిలో మోగుతుంది. 1966లో వచ్చిన 'శ్రీకృష్ణ తులాభారం' సినిమాలో ఎన్.టి.రామారావు పక్కన సత్యభామగా జమున నడిచొస్తూ పాడే పాట. పెండ్యాల నాగేశ్వరరావు సంగీతం. నేనూ దాంతోనే పెరిగాను. కానీ ఆ పాట సినిమా కోసం పుట్టింది కాదు. అంతకు చాలా ఏళ్ల ముందే నాటకాల్లో పుట్టింది. ముత్తరాజు సుబ్బారావు రాసిన 'శ్రీకృష్ణ తులాభారం' నాటకంలో సత్యభామ వేషం కట్టిన స్థానం నరసింహారావు తానే ఆ పాట రాసుకుని, తానే పాడుకున్నాడు. మగవాడు ఆడవేషంలో నిలబడి, మగడు నా మాట జవదాటగలడా అని పాడితే ఊళ్లకు ఊళ్లు ఊగిపోయాయి.

స్థానం మన ప్రాంతం మనిషే. 1902లో బాపట్లలో పుట్టాడు. 1920లో బాపట్లలో హరిశ్చంద్ర నాటకం ఆడుతుంటే చంద్రమతి వేషగాడు రాలేదట. ఆ లోటు తీర్చడానికి ముఖానికి రంగు వేసుకున్న కుర్రవాడు ఆ తర్వాత ముప్పయ్యేళ్లకు పైగా ఆడవేషాలే కట్టాడు. తెనాలి రామవిలాస సభ నాటకాల్లో సత్యభామ, దేవదేవి, చిత్రాంగి, రోషనార, చింతామణి, మధురవాణి. 1956లో పద్మశ్రీ వచ్చింది. తన సంగతులన్నీ 'నటస్థానం' అన్న పుస్తకంలో రాసుకున్నాడు. ఆయన సత్యభామ పక్కన కృష్ణుడు ఎక్కువగా ఈలపాట రఘురామయ్య. ఆయనా ఇక్కడివాడే, గుంటూరు దగ్గర సుద్దపల్లి.

మా అమ్మమ్మ ఆ జోడీని తెనాలిలో చూసింది. పెళ్లికి ముందు, పద్నాలుగేళ్ల వయసులో, బండి కట్టించుకుని కొల్లిపర నుంచి వెళ్లారట. కథ గురించి ఆమె ఎప్పుడూ పెద్దగా చెప్పేది కాదు. చీర గురించే చెప్పేది. "కుచ్చెళ్లు ఎన్ని పెట్టాడో లెక్కపెట్టాలని ఆడవాళ్లంతా ముందు వరసకు జరిగారే. పైట జారినట్టే ఉంటుంది, జారదు. మర్నాడు మా వీధిలో అందరూ పైట అట్లాగే వేసుకున్నారు" అనేది. నేను కుట్టుపనిలోకి రావడానికి ఆ మాటలు కూడా ఒక కారణం. జారినట్టుండి జారని పైట ఎలా వేస్తారో తెలుసుకోవాలని చిన్నప్పుడు అద్దం ముందు గంటలు గంటలు నిలబడేదాన్ని.

అమ్మ తెలుగు టీచరుగా రిటైరైంది. ఇప్పుడు ఎనభై రెండు. ఆమెకు ఈ పాటలో ఇష్టం చీర కాదు, మొదటి మాట. ఓ సాయంత్రం నేను జాకెట్ చేతులు ఎక్కిస్తుంటే పక్కన కూర్చుని విడదీసి చెప్పింది. మీరడం అంటే దాటడం. 'జాల' అన్నది 'చాలు' అనే మాటే. చేయగలగడం, శక్తి కలిగి ఉండడం. దాని మీద మళ్లీ 'గలడా'. 'మీరగలడా' అన్నా అర్థం వస్తుంది, 'మీరజాలునా' అన్నా వస్తుంది. స్థానం రెండూ కలిపేశాడు. దాటగలిగే శక్తి అతనికి ఉండగలదా అని సత్యభామ అడుగుతోంది. ఒక 'గలగడం' మీద ఇంకో 'గలగడం' పెట్టడంలోనే ఆమె గర్వమంతా ఉందంటుంది అమ్మ. తర్వాతి మాటలు 'వ్రతవిధాన మహిమన్ సత్యాపతి'. వ్రతం చేస్తే మొగుడు కొంగున ముడిపడి ఉంటాడని నారదుడు నమ్మించాడు. ఆ నమ్మకంతో పాడుతున్న పాట ఇది. ఆ వ్రతంలో కృష్ణుణ్ణి నారదుడికి దానం ఇచ్చేయాలని, విడిపించుకోవడానికి తక్కెట్లో తన నగలన్నీ పోసినా తూగడని, చివరికి రుక్మిణి వేసిన తులసిదళానికే తూగుతాడని ఆమెకు అప్పటికి తెలియదు. చూసేవాళ్లకు తెలుసు. అందుకే ఆ పాట అంత నిలబడిందని నాకనిపిస్తుంది.

(ఇదే కథలో నారదుడు కృష్ణుణ్ణి అంగట్లో బేరం పెట్టినప్పుడు పాడే 'భలే మంచి చౌక బేరము' చందాల కేశవదాసు రాసింది. 1932లో వచ్చిన తొలి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద'కు పాటలు రాసినాయన. ఆ పాట రికార్డు ఎవరి దగ్గరైనా ఉంటే వినాలని ఉంది.)

ఈ కొట్టు కన్నా ముందు రికార్డును ఇంకోచోటికి తీసుకెళ్లాను. అది చెప్పకపోతే ఈ కొట్టు విలువ తెలియదు. ఆ చోటు పేరు రాయను. పెళ్లి వీడియోలు, పాత క్యాసెట్లు సీడీలు చేసే షాపు. కుర్రాడు రికార్డు తీసుకుని, నేను చూస్తుండగానే సీసాలోంచి స్పిరిట్ దూదికి పట్టించి ఒకవైపు గట్టిగా తుడిచాడు. దూది నల్లగా వచ్చింది. మురికి అనుకున్నాను. ఆరాక చూస్తే ఆ వైపంతా మెరుపు పోయి, బూడిద పూసినట్టు తెల్లబడింది. రెండోవైపు ముట్టుకోవద్దని అరిచి ఆపాను. ఆ వైపు మాత్రం పాట ఎక్కించి ఇచ్చారు. వాళ్ల మిషన్‌లో 78 స్పీడు లేదు. 45 మీద తిప్పి కంప్యూటర్‌లో స్పీడు పెంచారు. ఇంటికొచ్చి వింటే సన్నటి ఆడగొంతు, చిలక పలుకుతున్నట్టు. వెనక పెనం మీద నూనె చిటపటలాడుతున్నట్టు ఒకటే చప్పుడు. అమ్మ రెండుసార్లు విని, "ఇది మనిషి గొంతులా లేదే" అని లోపలికి వెళ్లిపోయింది. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. డెబ్బై ఎనభై ఏళ్లు పంచెలో భద్రంగా ఉన్న వస్తువును నా చేతులతో తీసుకెళ్లి సగం పాడు చేయించానన్న బాధ.

ఆర్నెల్ల తర్వాత లెనిన్ సెంటర్‌లో పాత పుస్తకాలాయన ఈ కొట్టు సంగతి చెప్పాడు. వన్ టౌన్‌లో శివాలయం వీధి దాటాక ఓ సందులో, ఇత్తడి సామాన్ల కొట్టు మీద మేడ. బోర్డు లేదు. మెట్లు నిట్టనిలువుగా ఉంటాయి. పైకి వెళితే రెండు గదులు. ఒకదాంట్లో విప్పేసిన గ్రామఫోన్లు, రేడియోలు, స్ప్రింగులు. రెండోదాంట్లో ఏసీ, తలుపు ఎప్పుడూ మూసే ఉంటుంది. డెబ్బై దాటిన పెద్దాయన, పక్కన ఆయన మనవడు. అందరూ ఆయన్ని మాస్టారూ అంటారు.

మాస్టారు రికార్డును అంచులు మాత్రమే తాకేట్టు రెండు అరచేతుల మధ్య పట్టుకుని, ట్యూబ్‌లైటు వైపు వంచి చూశారు. తెల్లబడ్డ వైపు చూడగానే మొహం వాడిపోయింది.

"స్పిరిట్ పెట్టారా అమ్మా?"

"నేను కాదండీ."

"ఇది లక్కమ్మా. లక్క, రాతిపొడి, మసి కలిపి అచ్చు పోసింది. లక్క గాజుల మీద స్పిరిట్ పోస్తామా? కరిగిపోతుంది. మీరు చూసిన నలుపు మురికి కాదు, పాటే."

ఆ మాటకు నాకు కళ్లలో నీళ్లు తిరిగాయి. ఆయన వెంటనే రికార్డు తిప్పి చూసి, "ఈ వైపు ఉంది, భయపడకండి" అన్నారు. తెల్లబడ్డ వైపు మాత్రం తన వల్ల కాదని ముందే తేల్చి చెప్పేశారు. దానికి డబ్బు తీసుకోలేదు. చేస్తానని చెప్పి ప్రయత్నించి డబ్బు తీసుకునేవాళ్లను చూశాను కాబట్టి ఇది రాస్తున్నాను.

కడగడం నా ఎదురుగానే చేశారు. లేబుల్ తడవకుండా దాని మీద రబ్బరు అంచున్న మూత ఒకటి పెట్టి బిగించారు. బ్యాటరీలకు పోసే డిస్టిల్డ్ వాటర్‌లో రెండు చుక్కల మామూలు సబ్బు ద్రవం. మెత్తటి కుచ్చు బ్రష్‌ని గీతల వెంబడి గుండ్రంగా తిప్పుతారు, అడ్డంగా ఒక్కసారి కూడా పోనివ్వరు. మళ్లీ ఉత్త నీళ్లు రెండుసార్లు. ఉతికి ఉతికి మెత్తబడ్డ నూలుగుడ్డతో అద్ది, చెక్క స్టాండులో నిలబెట్టారు. గంట ఆగి చూస్తే గీతలు పట్టుదారంలా మెరిశాయి. అప్పుడు చూపించారు, మొదటి రెండు మూడు సెంటీమీటర్ల గీతలు కొంచెం బూడిదరంగులో ఉన్నాయి. పల్లవి వచ్చే చోటు. "ఇక్కడ మీ తాతగారు ముల్లు మార్చకుండా చాలాసార్లు వేశారు. స్టీలు ముల్లు ఒకవైపు పాడేసరికే అరుగుతుంది. అరిగిన ముల్లు గాడిని గీకేస్తుంది. పల్లవి అంటే అంత ఇష్టమన్నమాట" అన్నారు. ట్రంకులో ముళ్ల డబ్బా దాదాపు నిండుగా ఎందుకుందో నాకు అప్పుడు అర్థమైంది. యుద్ధం రోజుల్లో ముళ్లు దొరకక దాచుకుంటూ వాడేవాడని అమ్మ తర్వాత చెప్పింది.

ముల్లు సంగతి నాకు తేలిగ్గా ఎక్కింది. జార్జెట్‌కు పదకొండో నంబరు సూది, జీన్సుకు పదహారో పద్దెనిమిదో. తేడా వస్తే గుడ్డన్నా పోతుంది, కుట్టన్నా తప్పుతుంది. ఇదీ అంతే. తర్వాత కాలంలో వచ్చిన ఎల్పీ రికార్డుల గాడి సన్నం. ఈ పాత 78 రికార్డుల గాడి దానికి రెండు మూడింతల వెడల్పు. ఎల్పీ ముల్లు ఇందులో పెడితే గోడలకు ఆనకుండా అడుగున దుమ్ములో పాకుతుంది. ముందు షాపులో వచ్చిన నూనె చిటపట అదే. మాస్టారి దగ్గర వేరువేరు మందాల ముళ్లు నాలుగున్నాయి. నాలుగూ పెట్టి వినిపించారు. మూడోది పెట్టగానే గొంతు గోడ అవతలి నుంచి ఇవతలికి వచ్చినట్టయింది.

అసలైన పని స్పీడు దగ్గర జరిగింది. 78 అని పేరే గానీ ఆ కాలంలో అన్ని రికార్డులూ సరిగ్గా నిమిషానికి 78 చుట్లే తిప్పి రికార్డు చేయలేదట. కొన్ని అటు, కొన్ని ఇటు. తేడా ఉంటే శ్రుతి మారిపోతుంది, గొంతు మారిపోతుంది. మాస్టారు బల్ల కింద నుంచి ఓ చిన్న హార్మోనియం తీశారు. రికార్డులో వెనక హార్మోనియం వినిపిస్తుంది కదా, దాని శ్రుతి ఎవరూ సాగదీయలేరు, పెట్టెలో మెట్టు ఎక్కడుంటే అక్కడే మోగుతుంది. కాబట్టి రికార్డు సరైన స్పీడులో తిరిగితే లోపలి హార్మోనియం, బయటి హార్మోనియం కలవాలి. 78 మీద పెడితే స్వరం రెండు మెట్ల మధ్య పడింది. నాకే తెలిసింది, పళ్ల మధ్య ఇసుక పడ్డట్టు. మెల్లగా తగ్గించుకుంటూ వచ్చారు. 76 దగ్గర మెట్టు మీద కూర్చుంది. "ఆ రోజుల పెట్టెలు ఏ శ్రుతికి చేశారో నూటికి నూరుపాళ్లు చెప్పలేం. కానీ ఇంతకన్నా దగ్గరికి వెళ్లలేం" అన్నారు.

అప్పుడు పల్లవి మొదటినుంచి పెట్టారు.

మగగొంతు. ముందు షాపు ఇచ్చిన చిలకపలుకు ఎక్కడా లేదు. మగవాడి గొంతు, పై శ్రుతిలో, కష్టపడకుండా పాడుతోంది. ఆడగొంతును అనుకరించడం లేదు. 'మీర' అని కాస్త ఆగి, 'జాలగలడా' అన్నప్పుడు చివర 'డా'ను పైకి ఎగరేసి వదిలేయడంలో మాత్రం సత్యభామ ఉంది. తల అటు తిప్పుకున్న మనిషి కనిపించింది నాకు. అమ్మమ్మ చెప్పిన జారినట్టుండి జారని పైట ఇదేనేమో అనిపించింది. రెండోసారి అదే మాట వచ్చినప్పుడు 'నా' మీద ఒత్తు. మూడోసారి నవ్వుతూ. ఒకే పల్లవికి రకరకాల అభినయాలు పట్టేవాడని పెద్దవాళ్లు చెబుతుంటే మొహంతో అనుకునేదాన్ని. గొంతులోనే అవన్నీ ఉన్నాయి. ఒకచోట ఊపిరి తీసుకోవడం కూడా వినిపించింది.

పది అంగుళాల రికార్డు ఒకవైపు మూడు నిమిషాలే పడుతుంది. నాటకంలో ఇదే పాట వన్స్ మోర్లతో కలిపి ఎంతసేపు నడిచేదో. హార్మోనియం వాయించేవాళ్లు వేషగాడి కన్నా ముందే అలసిపోయేవాళ్లని తాతయ్య అనేవాడట. రికార్డు చేసేటప్పుడు అంత సాగదీసే వీలుండదు. మూడు నిమిషాల్లో ముగించాలి. అందుకే రికార్డులో ఆలాపన కోసేసి నేరుగా పాటలోకి దిగిపోతారు. ఆ కోతలో ఎంతో పోయి ఉంటుంది. అయితే పాట ఊరూరా పాకింది కూడా ఆ మూడు నిమిషాల వల్లే. నాటకం చూడని ఊళ్లో గ్రామఫోను ఉన్న ఒక్క ఇల్లు ఉంటే చాలు. నా చిన్నతనంలో మా వీధిలో ఈ నాటకం చూసినవాళ్లు ఇద్దరో ముగ్గురో ఉండేవాళ్లు. పల్లవి మాత్రం అందరికీ వచ్చు.

చప్పుడు తగ్గించే విషయంలో మాస్టారితో నాకు చిన్న వాదన జరిగింది. పాట వెనక వినిపించే ఆ బుస పూర్తిగా తీసేయమన్నాను. కంప్యూటర్‌లో తీసి వినిపించారు. చప్పుడు పోయింది, దాంతోపాటు ఆ ఊపిరి కూడా పోయింది. 'డా' చివర తెగిపోయింది. ఇస్త్రీ ఎక్కువై పట్టు మాడినట్టు అయింది. నేను వెనక్కి తగ్గాను. టిక్కు టిక్కుమనే పెద్ద గీతల చప్పుళ్లు మాత్రం తీయించి, బుస ఉంచమన్నాను. ఆయన రెండు ఫైళ్లు ఇచ్చారు, ఏమీ తీయనిది ఒకటి, కొంచెం తీసింది ఒకటి. మీరు వెళ్తే మీరూ రెండూ అడిగి తీసుకోండి. ఎంపీ3 ఒక్కటే కాకుండా, కుదించని వేవ్ ఫైలు కూడా అడగండి. అడగకపోతే ఎంపీ3 ఒక్కటే ఇస్తారు.

లోపాలు కూడా చెప్పాలి. ఐదు రోజులన్నారు, పన్నెండు రోజులు పట్టింది. మధ్యలో రెండుసార్లు ఫోన్ చేస్తే తీయలేదు. చాలా టెన్షన్ పడ్డాను. రసీదు ఇవ్వరు. రికార్డు తీసుకుని చిన్న కాగితం మీద నంబరు రాసిస్తారు, అంతే. ఇంత విలువైన వస్తువులు తీసుకునే చోట రసీదు పుస్తకం ఉండాలని మనవడికి గట్టిగానే చెప్పి వచ్చాను. ఆ మెట్లు మోకాళ్ల నొప్పులున్నవాళ్లు ఎక్కలేరు. అమ్మను తీసుకెళ్లాలని ఎంతో అనుకున్నాను, కుదరలేదు. ఈ మూడూ సరిచేసుకుంటే ఐదుకు ఐదు ఇస్తాను. ఇప్పటికి నాలుగున్నర. పనికి మాత్రం ఐదే.

ఇంటికి తెచ్చి టీవీకి పెన్ డ్రైవ్ పెట్టి వినిపించాను. అమ్మ ముందుగది కుర్చీలో కూర్చుని, పల్లవి రాగానే కుడిచేత్తో కుర్చీ చేతి మీద తాళం వేయడం మొదలుపెట్టింది. రెండో చరణం దగ్గర తాళం ఆపేసి, వేళ్లు కదిలించింది, మెట్లు నొక్కుతున్నట్టు. అమ్మకు హార్మోనియం వచ్చని నాకు ఇన్నేళ్లుగా తెలియదు. ఆడపిల్లకు ఎందుకని నేర్పలేదట. తాతయ్య వాయిస్తుంటే పక్కన కూర్చుని చూసి నేర్చుకుందట. పాట అయిపోయాక, "రెండోవైపు?" అని అడిగింది. లేదని చెప్పాను. కాసేపు మాట్లాడలేదు. తర్వాత, "అయితే ఇదే మళ్లీ పెట్టు" అంది.

వెళ్లాలనుకునేవాళ్లకు: మంగళవారం తీయరు. పదకొండు దాటాక వెళ్లండి, మధ్యాహ్నం రెండు నుంచి నాలుగు వరకు మాస్టారు పడుకుంటారు. రికార్డుల్ని ఒకదాని మీద ఒకటి పడుకోబెట్టి తీసుకెళ్లొద్దు, నిలబెట్టి, మధ్యలో అట్టలు పెట్టి, గుడ్డసంచిలో పెట్టుకోండి. ఆటోలో సీటు మీద కాకుండా ఒళ్లో పెట్టుకోండి. ఇంట్లో ఎంత మురికిగా కనిపించినా తుడవొద్దు. అలాగే తీసుకెళ్లి ఆయన చేతిలో పెట్టండి.